ఇండోనేషియా కుర్రకారు: తరచుగా అడిగే ప్రశ్నలు

చదువుకో, ఉద్యోగానికో, ఊరికే తిరిగి రావడానికో జకార్తా, బందుంగ్, యోగ్యకర్త వైపు వెళ్లే తెలుగువాళ్ల కోసం ఈ పేజీ. వెళ్లకపోయినా అక్కడి కుర్రాళ్ల వీడియోలు చూసి "ఏంటిది?" అనుకునేవాళ్లకు కూడా. బాలీ బీచ్‌ల సంగతి ఇందులో లేదు. ధరలన్నీ రుపియాల్లోనే ఇచ్చాం. మన రూపాయికి రెండు వందలకు కాస్త తక్కువ రుపియాలు వస్తాయి కాబట్టి 10,000 రుపియాలంటే మన యాభై రూపాయలకు కాస్త ఎక్కువ.

అసలు అక్కడ "యువత" అంటే ఎవరు?

2009 నాటి యువజన చట్టం 16 నుంచి 30 ఏళ్ల వాళ్లను 'పెముడా' అంటుంది. 2020 జనగణనలో దేశ జనాభా 27 కోట్లు తేలింది. అందులో 1997–2012 మధ్య పుట్టినవాళ్లు 27.94 శాతం, వాళ్లకు ముందు తరం 25.87 శాతం. రెండూ కలిపితే సగం దేశం దాటిపోయింది.

ఇంతమందిని ఒక్క గాటన కట్టడం కుదరని పని. దక్షిణ జకార్తా పిల్లకూ తూర్పు జావాలోని మలాంగ్ పిల్లకూ యాస, జేబు, పండగ అన్నీ వేరే. అయినా నెలకో కొత్త పేరుతో వచ్చే ట్రెండ్లన్నిటినీ కాస్త గీరి చూస్తే అడుగున ఒకే ప్రశ్న కనిపిస్తుంది: తక్కువ డబ్బుతో నలుగురం కలిసి ఎక్కడ కూర్చుందాం? దీన్ని పట్టుకుంటే మిగతాది సులువుగా అర్థమవుతుంది.

నొంగ్‌క్రొంగ్ అంటే ఏమిటి?

పని లేకుండా, అజెండా లేకుండా, స్నేహితులతో గంటల తరబడి కూర్చోవడం. మన చాయ్ బండి ముచ్చట్లకు దగ్గరి చుట్టం. కానీ మనవాళ్లు "టైమ్ పాస్" అని కొంచెం సిగ్గుపడుతూ చెప్పేదాన్ని వాళ్లు ఒక పనిలాగే చెబుతారు. "రాత్రి ఏం చేశావ్?" అంటే "నొంగ్‌క్రొంగ్" అనేదే పూర్తి జవాబు.

కొత్తగా వెళ్లినవాళ్లు చేసే తప్పు, "ఎందుకు కలుస్తున్నాం?" అని అడగడం. ఇంకో తప్పు, కాఫీ అయిపోగానే లేవడం. ఒక్క గ్లాసు మీద మూడు గంటలు కూర్చున్నా అక్కడ ఎవరూ వింతగా చూడరు. మధ్యలో ఎవరి ఫోన్ వాళ్లు చూసుకుంటూ పది నిమిషాలు మౌనంగా ఉన్నా అలిగారని కాదు. నలుగురూ మొబైల్ లెజెండ్స్ తెరిచి ఒకే జట్టుగా ఆడుతుంటే దాన్ని 'మాబార్' అంటారు, మాయిన్ బారెంగ్ అనే మాటకు పొట్టి రూపం. కలిసి ఆడటం అని అర్థం.

ఎక్కడ కూర్చుంటారు, ఎంత అవుతుంది?

జేబును బట్టి కింది మెట్టు నుంచి చెబుతాం.

అన్నిటికంటే చవక 'స్టార్లింగ్'. సైకిల్ మీద వేడినీళ్ల ఫ్లాస్కులు, తోరణంలా వేలాడే కాఫీ సాచెట్లతో జకార్తా రోడ్లంతా తిరిగే కాఫీవాళ్లు వీళ్లు. 'స్టార్‌బక్స్ కెలిలింగ్', అంటే తిరిగే స్టార్‌బక్స్ అని కుర్రకారు పెట్టిన వెక్కిరింపు పేరు అదే నిలిచిపోయింది. ఐదు వేల రుపియాల దగ్గర పని అయిపోతుంది. కుర్చీ ఉండదు, ఫుట్‌పాత్ అంచే కుర్చీ.

తర్వాత వార్‌కొప్, అంటే వారుంగ్ కొపి, మామూలు కాఫీ కొట్టు. యోగ్యకర్తలో, దగ్గరి ఊరు సోలోలో దాని స్థానంలో అంగ్‌క్రింగన్ ఉంటుంది: తోపుడు బండి, పైన టార్పాలిన్, బొగ్గు కుంపటి. అక్కడ దొరికే 'నాసి కుచింగ్' అంటే పిల్లి అన్నం. పిల్లికి పెట్టినంతే ఉంటుందని ఆ పేరు. పిడికెడు అన్నం, కాస్త సంబల్ (మిరప పచ్చడి), చిటికెడు నెత్తళ్లు ఆకులో పొట్లం కట్టి ఇస్తారు. ఒకటి తిని సరిపోలేదని అనుకోకండి, మూడు తీసుకోవడమే లెక్క. తుగు రైల్వే స్టేషన్ పక్క బండ్లలో 'కొపి జోస్' ఇస్తారు. మండుతున్న బొగ్గు ముక్కను గ్లాసులో పడేస్తే చుంయ్‌మని పొంగుతుంది. బొగ్గు అడుక్కు దిగేదాకా ఆగి తాగాలి, పెదాలు కాల్చుకునే కొత్తవాళ్లు రోజూ ఉంటారు.

విద్యార్థుల అసలు అడ్డా వర్‌మిందొ, ఇండోమీ నూడుల్స్ కొట్టు. యోగ్యకర్తలో పాత అలవాటు కొద్దీ 'బుర్జొ' అంటారు, ఒకప్పుడు అక్కడ పెసర జావ అమ్మేవారు కాబట్టి. నడిపేవాళ్లలో చాలామంది పశ్చిమ జావాలోని కునింగన్ జిల్లా నుంచి వచ్చినవాళ్లు. రాత్రంతా తెరిచే ఉండేవి చాలా ఉంటాయి. 'ఇంతెల్' అడిగితే ఇండోమీ, గుడ్డు. 'ఇంతర్నెత్' అడిగితే ఇండోమీ, గుడ్డు, డబ్బా మాంసం. ఆ మాంసం సాధారణంగా గొడ్డు మాంసమే, తినని వాళ్లు ముందే తెలుసుకోవాలి. అన్నం, నూడుల్స్ కలిపి వేయించిన 'మగెలంగన్' నెలాఖరు భోజనం.

పై మెట్టు ఏసీ కాఫీ షాపు. గ్లాసు 18 వేల నుంచి 35 వేల దాకా.

రాత్రిపూట బార్లు కాకుండా కాఫీ షాపులే ఎందుకు నిండుతాయి?

ఎక్కువమంది ముస్లింలు. మద్యం మీద పన్నులు ఎక్కువ, 21 ఏళ్లు నిండాలి. ఇళ్లు చిన్నవి, చాలా అద్దె గదుల్లోకి స్నేహితులను రానివ్వరు, పార్కులు తక్కువ. మిగిలింది కాఫీ. 2015లో దక్షిణ జకార్తా చిపెతె ప్రాంతంలో 'తుకు' అనే చిన్న కొట్టు తాటి జాతి బెల్లంతో చల్లటి కాఫీ అమ్మడం మొదలెట్టింది. 2017లో అప్పటి అధ్యక్షుడు జోకోవి అక్కడ ఆగి తాగారు. అదే ఏడాది కొపి కెనాంగన్, మరుసటి ఏడాది జంజి జివా, ఫోరె వచ్చాయి. ఆ తర్వాత వీధికొకటి. కెనాంగన్ అంటే జ్ఞాపకం. వాళ్ల ప్రసిద్ధ పానీయం పేరు 'కెనాంగన్ మంతన్', మాజీ ప్రేయసి జ్ఞాపకం. భగ్న ప్రేమను గ్లాసులో పోసి అమ్మడం ఆ దేశానికి బాగా తెలుసు. పాటల దగ్గర మళ్లీ చూస్తారు.

ఎస్ కొపి సుసు గులా అరెన్ (బెల్లం వేసిన ఆ చల్లటి పాలకాఫీ) ఇంట్లో చేసుకోవచ్చా?

చేసుకోవచ్చు, మన ఫిల్టర్ డికాక్షన్‌తో ఇంకా బాగుంటుంది. గులా అరెన్ అనేది అరెన్ చెట్టు కల్లు బెల్లం. మన తాటి బెల్లం అదే చెట్టుది కాకపోయినా రుచి దగ్గరగా ఉంటుంది, పొగ వాసన కూడా కలుస్తుంది.

100 గ్రాముల తాటి బెల్లం, 60 మిల్లీలీటర్ల నీళ్లు, దొరికితే వాసన కోసం ఒక పాండాన్ ఆకు ముడి వేసి సన్నని సెగ మీద ఐదారు నిమిషాలు ఉడికించి, వడకట్టి, పూర్తిగా చల్లార్చాలి. గ్లాసు అడుగున ఈ పాకం 25 మిల్లీలీటర్లు, పైన మూడొంతుల్లో రెండొంతులు ఐసు, 120 మిల్లీలీటర్ల చల్లని చిక్కటి పాలు, ఆఖరున 45 మిల్లీలీటర్ల గట్టి డికాక్షన్. తాగేముందే కలపాలి.

ఎక్కడ చెడుతుందంటే: బెల్లం వేడిగా ఉండగా పాలు పోస్తే విరుగుతాయి. పరమాన్నం వండినవాళ్లకు ఇది కొత్త కాదు. డికాక్షన్ వేడిగా పోస్తే ఐసు కరిగి నీళ్లకాఫీ అవుతుంది. పలచటి డికాక్షన్ అయితే బెల్లం తీపి తప్ప కాఫీ తెలియదు. మామూలు మోతాదు పొడికి సగం నీళ్లే పోయండి.

ఎవరిని ఏమని పిలవాలి?

జకార్తాలో తోటివాళ్ల మధ్య 'గుఎ' అంటే నేను, 'లో' అంటే నువ్వు. ఇవి దగ్గరివాళ్ల మాటలు, పెద్దవాళ్ల ముందు వాడితే మోటు. అసలు చిక్కు 'ఆకు – కాము' జంటతో, అవీ నేను – నువ్వులే. జావా ఊళ్లలో స్నేహితులు మామూలుగా వాడేవే. జకార్తాలో మాత్రం అవి ప్రేమికుల మాటలు, ఇన్నాళ్లూ గుఎ–లో అన్న అబ్బాయి ఒక రోజు ఆకు–కాములోకి దిగాడంటే పక్కవాళ్లు దగ్గుతారు.

కొత్తవాళ్లకు మన అన్నా, అక్కా పద్ధతే మేలు. జావాలో అబ్బాయికి 'మాస్', అమ్మాయికి 'ంబాక్'. బందుంగ్ వైపు 'ఆఆ', 'తెతెహ్'. జకార్తాలో ఆటోవాడికీ కొట్టువాడికీ 'బాంగ్'. ఎవరికైనా చెల్లేది 'కాక్'. షాపులో మీకంటే పదేళ్లు పెద్దామె మిమ్మల్ని 'కాక్' అంటే బాధపడనక్కర్లేదు, అది మర్యాద.

మాటిమాటికీ వినపడే ఆ పొట్టి పదాలేమిటి?

రెండు మూడు మాటల తొలి అక్షరాలు అతికించి కొత్త మాట చేయడం అక్కడివాళ్లకు పిచ్చి. కదలబుద్ధి కాకపోతే 'మాగెర్'. ప్రతిదీ మనసుకు తీసుకుంటే 'బాపెర్'. దగ్గరయ్యే ప్రయత్నంలో ఉంటే 'పెడెకాతె'. జంటే కానీ ఏమీ తేల్చుకోకపోతే 'హాతెఎస్'. పని లేక తోచకపోతే 'గాబుత్'. ప్రేమకు బానిసైతే 'బుచిన్', 'బుడాక్ చింతా' నుంచి.

ఈ చింతా మన చింతే. సంస్కృతంలో తలపోత, తెలుగులో బెంగ, ఇండోనేషియాలో ప్రేమ. ఇలాంటివి ఇంకా ఉన్నాయి. కాలేజీ విద్యార్థి 'మహాసిస్వా', మహా శిష్యుడు. పట్టా పుచ్చుకునే రోజు 'విసుడా', విశుద్ధ. హాస్టల్ 'అస్రమా'. మనకు బాగా నచ్చేది 'వచనా'. వచనం నుంచే వచ్చింది, పత్రికల్లో గంభీరమైన మాట, కుర్రాళ్ల నోట మాత్రం "మాటలే తప్ప జరగని ప్లాన్". వాట్సాప్ గ్రూపులో "గోవా వెళ్దాం" అనేది మనకున్న వచనా.

యోగ్యకర్త కుర్రాళ్ల రహస్య భాష నిజంగా ఉందా?

ఉంది. తెలుగు అక్షరమాల తెలిసినవాళ్లకు అది పది నిమిషాల పని. జావా లిపి కూడా మన లిపిలాగే బ్రాహ్మీ కొమ్మే, పల్లవ లిపి మీదుగా వెళ్లింది. దాన్లో 20 అక్షరాలను నాలుగు వరుసల్లో చదువుతారు:

హ న చ ర క
ద త స వ ల
ప ఢ జ య ఞ
మ గ బ ఠ ఙ

మొదటి వరుసకు బదులు మూడోది, రెండో వరుసకు బదులు నాలుగోది, అటు నుంచి ఇటైనా అంతే, అదే స్థానంలో ఉన్న అక్షరం పెట్టాలి. అచ్చులు మారవు. 'మాస్' తీసుకోండి: మ బదులు ద, స బదులు బ. 'దాబ్' అయింది. యోగ్యకర్త వీధుల్లో "ఏం దాబ్!" అంటే "ఏం అన్నా!". జావా భాషలో 'మతము' అంటే "నీ కన్ను", తిట్టులా వాడే మాట. దాన్ని తిప్పితే 'దగదు'. 1994లో ఆ ఊళ్లో మొదలైన టీషర్టుల బ్రాండ్ పేరు అదే, గుర్తు కూడా కన్నే. బయటి ఊరివాళ్లు ఆ తిట్టును ఛాతీ మీద వేసుకుని తిరుగుతారు.

మలాంగ్‌లో పద్ధతి వేరు, మాటను వెనక నుంచి చదవడమే. మలాంగ్ 'ఙలామ్' అవుతుంది, 'మాస్' అక్కడ 'సామ్'.

కొట్టువాడు "గోచెంగ్", "చెబాన్" అంటున్నాడు. అవేమిటి?

డబ్బు లెక్కలే, హొక్కియన్ చైనీస్ నుంచి వచ్చినవి. గోచెంగ్ 5 వేలు, చెబాన్ 10 వేలు, నోబాన్ 20 వేలు, గోబాన్ 50 వేలు. సున్నాలు లెక్కపెట్టలేక తికమకపడే మనవాళ్లు ఒక పని చేయాలి: చివరి మూడు సున్నాలు మరిచిపోండి. మెనూలో 25 అని ఉంటే 25 వేలు.

చెల్లింపులకు అంతటా క్రిస్ కోడ్ ఉంటుంది. ఇండోనేషియా కేంద్ర బ్యాంకు 2019 ఆగస్టు 17న తెచ్చిన ఉమ్మడి స్కానింగ్ కోడ్ అది, స్టార్లింగ్ సైకిల్ మీద కూడా అంటించి కనబడుతుంది. చూడటానికి మన యూపీఐ లాగే ఉంటుంది కదా అని మీ ఫోన్‌లో యాప్ పని చేస్తుందని నమ్ముకుని బయల్దేరవద్దు. చిల్లర నోట్లు జేబులో ఉంచుకోండి.

స్కెనా, కల్చెర్, మాంబా... ఈ బట్టల గోలేమిటి?

'స్కెనా' 2023లో ఊపందుకుంది. సంగీత బృందాల చుట్టూ తిరిగే వాళ్లను అనేవారు, తర్వాత వాళ్లలా బట్టలేసుకున్న ప్రతివాడినీ అనడం మొదలైంది: బ్యాండ్ టీషర్టు, వదులు ప్యాంటు, గుడ్డ సంచి. 'కల్చెర్' దాని తమ్ముడు. రెండూ సగం మెప్పు, సగం ఎగతాళి, ఎవరూ తమను తాము అలా చెప్పుకోరు. మీరు కూడా ఎవరి ముఖం మీదా అనకండి.

అమ్మాయిలకు అదే ఏడాది మూడు రంగుల పేర్లొచ్చాయి. నల్లటి బట్టలే వేసుకుంటే మాంబా, పాము పేరు. మట్టి, ఆకు రంగులైతే బుమి, అంటే భూమే. మిఠాయి కొట్టులా రంగురంగులైతే కుఎ, అంటే కేకు. హిజాబ్ వేసుకునేవాళ్లకూ ఇవే వర్తిస్తాయి. చున్నీలా పొడుగ్గా ఉండే పష్మీనా, చదరంగా ఉండే సెగి ఎంపత్, తలలోంచి తొడుక్కునే రకం అన్నీ ఈ రంగుల లెక్కలోనే కొంటారు.

చితాయమ్ ఫ్యాషన్ వీక్ సంగతేమిటి?

2022 జూలైలో జకార్తా నడిబొడ్డున, దుకుహ్ అతాస్ దగ్గర జీబ్రా క్రాసింగ్ మీద జరిగిన ముచ్చట. శివారు ఊళ్లు చితాయమ్, బొజొంగ్‌గెడె, డెపోక్ నుంచి పేదింటి పదిహేను, పదహారేళ్ల పిల్లలు లోకల్ రైలెక్కి వచ్చి, చవక బట్టలు తమకు నచ్చినట్టు జతచేసి, దారి దాటే తెల్ల చారలనే ర్యాంప్‌గా చేసుకుని నడిచారు. అదే సుదిర్మన్ రోడ్డు మీది ధనిక వ్యాపార కేంద్రాన్ని ఎస్‌సీబీడీ (సుదిర్మన్ సెంట్రల్ బిజినెస్ డిస్ట్రిక్ట్) అంటారు. పిల్లలు దానికి "సుదిర్మన్, చితాయమ్, బొజొంగ్‌గెడె, డెపోక్" అని కొత్త విడదీత చెప్పారు. ఆ ఏడాది మాటల్లో ఇంతకు మించిన చమత్కారం మాకు తగల్లేదు.

ఎందుకు అక్కడే? లెక్క సులువు. జకార్తా లోకల్ రైలుకు మొదటి 25 కిలోమీటర్లకు 3,000, ఆపై ప్రతి 10 కిలోమీటర్లకు 1,000. చితాయమ్ నుంచి సుదిర్మన్ స్టేషన్‌కు నాలుగైదు వేలతో వచ్చేస్తారు. దిగిన చోటే వెడల్పాటి కొత్త ఫుట్‌పాత్, నీడ, ఫొటోకు వెనక అద్దాల మేడలు. టిక్కెట్టు అడిగేవాడు లేడు. వాళ్ల ఊళ్లో అలాంటి చోటు ఒక్కటీ లేదు.

ఎక్కడ చెడిందంటే, గుంపు పెరిగి ట్రాఫిక్ ఆగింది, చెత్త పేరుకుంది, సంపన్నులూ సెలబ్రిటీలూ కెమెరాలతో దిగారు. ఆ పేరును ట్రేడ్‌మార్క్‌గా నమోదు చేసుకోబోయిన ఒక సెలబ్రిటీ సంస్థ జనం తిట్టిపోస్తే వెనక్కి తీసుకుంది. ఆ తర్వాత పోలీసులు గుంపులు కట్టనివ్వలేదు. కొన్ని వారాల్లో అంతా చల్లారింది.

పాత బట్టల షాపింగ్ చట్టబద్ధమేనా? ఎలా కొనాలి?

విదేశాల నుంచి పాత బట్టలు దిగుమతి చేయడం నిషేధం. వాణిజ్య శాఖ 2022 నాటి నియమాల్లో కూడా ఆ పద్దు నిషిద్ధ జాబితాలోనే ఉంది. 2023 మార్చిలో ప్రభుత్వం పట్టుకున్న మూటలను కుప్ప పోసి తగలబెట్టింది, దేశీ బట్టల పరిశ్రమ దెబ్బతింటోందని. అయినా జకార్తాలో పసార్ సెనెన్, బందుంగ్‌లో చిమోల్ గెడెబగె కిటకిటలాడుతూనే ఉంటాయి. దాడులు దిగుమతిదారుల మీద, కొనేవాళ్ల మీద కాదు. ఒక్కో ఊళ్లో ఒక్కో పేరు: యోగ్యకర్తలో 'అవుల్–అవుల్', మెదాన్‌లో 'మొంజా', మకస్సర్‌లో 'చకర్'.

కొనేటప్పుడు చొక్కాను వెలుగుకు ఎదురుగా పట్టుకుని చూడండి, పురుగు తిన్న చిల్లులు అప్పుడే కనిపిస్తాయి. చంకల్లో పసుపు మరక ఉంటే వదిలేయండి, ఎన్ని ఉతుకులకూ పోదు. మెడ పట్టీ సాగిపోతే ఇస్త్రీ కాపాడదు. జిప్పు రెండుసార్లు పైకీ కిందికీ లాగాలి. లేబుల్ మీది సైజును నమ్మకండి. జపాన్ ఎల్, అమెరికా ఎల్ ఒకటి కావు. మీకు సరిపోయే చొక్కాను ఇంట్లో పరిచి చంక నుంచి చంకకు ఎన్ని సెంటీమీటర్లో కొలిచి రాసుకెళ్లండి, టేపు తీసుకెళ్లండి. ఉదయం కొత్త మూట విప్పే వేళకు వెళ్తే మంచివి దొరుకుతాయి, ధర ఎక్కువ. సాయంత్రం మిగిలినవి, బేరం ఎక్కువ. "బొలెహ్ కురాంగ్?" అంటే "తగ్గిస్తారా?". "నెత్" అంటే ఇక తగ్గదు.

ఇంటికి తెచ్చాక మిగతా బట్టల్లో కలపకండి. నూలు బట్టలైతే 60 డిగ్రీల నీళ్లలో సబ్బు పొడితో అరగంట నానబెట్టి ఉతికి, ఎండలో ఆరేసి, వేడి ఇస్త్రీ చేయాలి. ఉన్ని, పాలిస్టర్‌కు ఆ వేడి పనికిరాదు. గోరువెచ్చని నీళ్లు, రెండుసార్లు. మూటల్లో నెలల తరబడి ఉన్న బూజు దురదలు తెప్పించవచ్చు.

కుర్రాళ్లు స్నీకర్ల మీద లుంగీలాంటిది కడుతున్నారేమిటి?

దాన్ని 'బెర్‌కైన్' అంటారు. రెండు, రెండున్నర మీటర్ల బాతిక్ లేదా నేత బట్టను కత్తిరించకుండా నడుముకు చుట్టి, పైన టీషర్టు, కింద స్నీకర్లు. 2020 తర్వాత పెళ్లిళ్ల నుంచి మెట్రో రైలుకు దిగింది.

కట్టే తీరు: పై అంచు ఒక బెత్తెడు లోపలికి మడవండి. చుట్టేటప్పుడు మోకాళ్లు ఒక అడుగు ఎడంగా ఉంచి నిలబడండి, కాళ్లు దగ్గర పెట్టి కడితే మెట్లెక్కేటప్పుడు బట్ట లాగేస్తుంది. మిగిలిన కొసను మూడు వేళ్ల వెడల్పు కుచ్చిళ్లు పెట్టి ముందుకు తెచ్చి, నడుముకు ఎలాస్టిక్ పట్టీ బిగించండి. ముడి మీదే ఆధారపడితే రైల్లో జారుతుంది. కొత్త బాతిక్ మొదటిసారి రంగు వదులుతుంది. తెల్ల బూట్ల మీద కట్టే ముందు కుంకుడు రసంలాంటి మెత్తటి సబ్బుతో ఉతికి నీడన ఆరేయాలి. అక్కడా 'లెరక్' అనే కుంకుడు జాతి కాయే వాడతారు.

ఒక్క జాగ్రత్త: వాలు గీతల 'పరంగ్' నమూనా యోగ్యకర్త, సోలో రాచనగరుల్లో రాజకుటుంబానిది. కాలేజీకి కట్టొచ్చు, రాచకోట వేడుకకు మాత్రం కట్టుకెళ్లవద్దు. ఇక మన బంధం గురించి ఒక మాట. మచిలీపట్నం తీరపు అద్దకం బట్టలను డచ్చివాళ్లు నౌకల్లో వేసి ఈ దీవుల్లోనే సుగంధ ద్రవ్యాలకు మార్చుకునేవారు.

పాటలంటే కె–పాప్ ఒక్కటేనా?

కె–పాప్ పిచ్చి గట్టిదే. 2021 జూన్‌లో బీటీఎస్ పేరున్న మెక్‌డొనాల్డ్స్ పొట్లాల కోసం డెలివరీ కుర్రాళ్లు ఎంతగా మూగారంటే, కోవిడ్ నిబంధనల కింద చాలా శాఖలను తాత్కాలికంగా మూయించారు. కానీ రాత్రి పన్నెండు దాటాక అదే పిల్లలు ఎగిరేది డాంగ్‌డుత్ కొప్లొకు. డాంగ్‌డుత్ అనేది ఆ డోలు మోతే: డాంగ్, డుత్. మలయా వాద్యాలు, అరబ్బు రాగాలు, పాత హిందీ సినిమా పాటలు కలిసి పుట్టింది. దాన్ని తూర్పు జావాలో డోలు వేగం పెంచి కొప్లొ చేశారు. ఒకప్పుడు పల్లెటూరి సరుకని ముఖం తిప్పుకున్న నగరపు పిల్లలు ఇప్పుడు జకార్తా కెమాయొరన్‌లో జరిగే సంగీతోత్సవం సింక్రొనైజ్ ఫెస్ట్ లాంటి చోట్ల సిగ్గు లేకుండా ఆడతారు.

ఆ మార్పులో దిది కెంపొత్‌ది పెద్ద చెయ్యి. యాభై దాటిన జావా గాయకుడు, స్టేషన్లలో ఎదురుచూపుల గురించీ, మాట తప్పిన ప్రేమికుల గురించీ పాడేవాడు. 2019లో ఉన్నట్టుండి ఇరవయ్యేళ్ల వాళ్లు ఆయన్ను "భగ్న హృదయాల గాడ్‌ఫాదర్" చేశారు. తమను 'సొబాత్ అంబ్యార్' అనుకున్నారు, అంటే ముక్కలైపోయినవాళ్ల బృందం. ఏడుస్తూ నవ్వుతూ గుంపుగా పాడారు. 2020 మే 5న ఆయన పోయాడు. 'అంబ్యార్' మాట మాత్రం మిగిలింది, పరీక్ష పోయినా ఇప్పుడు అంబ్యారే.

అద్దె గది తీసుకోవాలంటే?

దాన్ని 'కోస్' అంటారు. బోర్డు మీద 'పుత్ర' అంటే అబ్బాయిలకు, 'పుత్రి' అంటే అమ్మాయిలకు, 'చంపుర్' అంటే ఇద్దరికీ. ముందు రెండూ మీకు అనువాదం అక్కర్లేదు. అడగాల్సినవి: స్నానాల గది లోపలా బయటా, కరెంటు అద్దెలో కలిసిందా టోకెనా, గేటు ఎన్నింటికి మూస్తారు, అతిథులకు అనుమతి ఉందా, అడ్వాన్సు తిరిగి ఇస్తారా.

టోకెన్ కరెంటు గురించి కాస్త వివరంగా. ముందే డబ్బు కట్టి 20 అంకెల సంఖ్య కొని మీటర్లో నొక్కాలి. యూనిట్లు తగ్గగానే మీటర్ కూత పెడుతుంది, ఆ కూత ఆగదు. అర్ధరాత్రి కూసే మీటర్ ఎవరిదో ఇల్లంతటికీ తెలుస్తుంది. ఫోన్లో టోకెన్ కొనే ఏర్పాటు మొదటి రోజే చేసుకోండి, మీటర్ నంబరును ఫొటో తీసి పెట్టుకోండి. తాగునీళ్లు 19 లీటర్ల క్యాన్, 'గాలొన్' అంటారు. బట్టలు కిలో లెక్కన ఉతికే కొట్లు ప్రతి సందులో ఉంటాయి. ఇచ్చేముందు లెక్కపెట్టి రాసుకోండి, సాక్సులు జతగా తిరిగి రావడం అరుదు.

జీతాలు సరిపోతున్నాయా? అప్పుల యాప్‌ల గొడవేమిటి?

2025లో జకార్తా కనీస వేతనం నెలకు 53,96,761 రుపియాలు, యోగ్యకర్త ప్రాంతానిది 22,64,080. గ్లాసు పాతిక వేల కాఫీ రోజూ తాగితే యోగ్యకర్తలో జీతంలో మూడో వంతు కాఫీకే పోతుంది. అంగ్‌క్రింగన్ ఎందుకు బతికి ఉందో ఇప్పుడు అర్థమై ఉంటుంది. పైన అమ్మానాన్నలను, కింద తమ్ముళ్లను పోషించేవాళ్లు తమను 'సాండ్‌విచ్ తరం' అంటారు. 2025 మొదట్లో 'కాబుర్ అజా దులు' అనే హ్యాష్‌ట్యాగ్ ఊపేసింది, "ముందైతే పారిపోదాం" అని. విదేశీ ఉద్యోగాల చిట్కాలు దాని కింద పంచుకున్నారు.

అప్పుల యాప్‌ను 'పింజొల్' అంటారు. లైసెన్సున్న వాటికి 2024 జనవరిలో వినియోగ రుణాలపై వడ్డీ పరిమితిని రోజుకు 0.3 శాతంగా పెట్టారు. చిన్నగా కనిపిస్తుంది, 10 లక్షల రుపియాలకు నెలకు 90 వేలు. లైసెన్సు లేనివి పట్టుకునే సులువు గుర్తు ఒకటుంది. చట్టబద్ధమైన యాప్ మీ ఫోన్లో కెమెరా, మైకు, లొకేషన్ మూడే అడగగలదు. కాంటాక్టులు, ఫొటోలు అడిగిందంటే వెంటనే తీసేయండి. బాకీ పడితే మీ చుట్టాలందరికీ మెసేజులు పెట్టేది వాటితోనే. 2020లో హైదరాబాద్‌లో పోలీసు కేసులైన లోన్ యాప్‌ల బెదిరింపు పద్ధతి కూడా అచ్చం ఇదే.

స్ట్రావా జోకీ నిజమా?

నిజమే, 2024లో బయటపడింది. పరుగు ఫ్యాషనైంది, స్ట్రావా అనే పరుగు లెక్కల యాప్‌లో నంబర్లు చూపించుకోవాలి, కాళ్లు సహకరించవు. మీ ఖాతాతో ఇంకొకడు పరుగెత్తుతాడు, కిలోమీటరుకు ఇంత అని, వేగం పెరిగితే రేటు ఎక్కువ. 'జోకీ' పాత మాటే. కార్లో ముగ్గురుంటేనే పెద్ద రోడ్డెక్కాలన్న నియమం 2016 దాకా జకార్తాలో ఉండేది, అప్పుడు డబ్బు తీసుకుని మూడోవాడిగా కూర్చునేవాళ్లూ జోకీలే. నిజంగా పరుగెత్తాలంటే ఆదివారం పొద్దున్నే వాహనాలు ఆపే సుదిర్మన్–తమ్రిన్ రోడ్డుకు వెళ్లండి. ఏడు దాటితే పరుగుకు చోటుండదు, తినుబండారాల జాతర మొదలవుతుంది.

రంజాన్ నెలలో ఏం మారుతుంది?

నొంగ్‌క్రొంగ్ వేళలు మారతాయి, అంతే. సాయంత్రం ఉపవాసం విడిచేదాకా వీధుల్లో తిరగడాన్ని 'ఙాబుబురిత్' అంటారు, పశ్చిమ జావాలోని సుందా భాష మాట. ఆ తర్వాత 'బుక్‌బెర్', పాత స్నేహితులతో ఇఫ్తార్. బడి గ్రూపు, కాలేజీ గ్రూపు, ఆఫీసు గ్రూపు ఒక్కొక్కటి పెడితే నెల చాలదు. సగం వచనాగానే మిగులుతాయి. నిజంగా జరగాలంటే ఒకరు మొదటి వారంలోనే తేదీ ఖాయం చేసి, తలా కొంత అడ్వాన్సు వసూలు చేసి, హోటల్లో బల్ల రాయించాలి. డబ్బు కట్టనివాడు రాడు, ఇది అందరికీ తెలిసిన సూత్రం. జకార్తాలో అజాన్ సుమారు ఆరు గంటలకు. ఐదింటికే చేరాలి, ఐదున్నర తర్వాత రోడ్డు కదలదు. నమాజు గది ఉందో లేదో ముందే అడగండి.

ఉపవాసం లేనివాళ్లు కూడా మధ్యాహ్నం మూడింటికే వెళ్లి తీపి పదార్థాలు కొనేస్తే ముస్లిం స్నేహితులు "మా తక్జిల్ దోచేశారు" అని సరదాగా పోట్లాడతారు. 2024లో దానికి 'తక్జిల్ యుద్ధం' అని పేరు పడింది.

రాజకీయాలు మాట్లాడతారా?

మాట్లాడతారు, తమ పద్ధతిలో. 2025 ఆగస్టులో స్వాతంత్ర్య దినానికి ముందు కుర్రాళ్లు లారీల మీద, ఇళ్ల మీద వన్ పీస్ కార్టూన్‌లోని పుర్రె జెండా ఎగరేస్తే పెద్దలు దేశద్రోహం దాకా మాట్లాడారు. గతంలో జరిగిన మానవ హక్కుల ఉల్లంఘనలకు న్యాయం అడుగుతూ 2007 జనవరి నుంచి ప్రతి గురువారం అధ్యక్ష భవనం ఎదుట నల్ల గొడుగులతో మౌనంగా నిలబడే 'కమిసన్'లో ఇప్పుడు ఎక్కువ కనిపించేది, ఆ ఘటనలు జరిగినప్పుడు పుట్టని పిల్లలే. మీరు విదేశీయులైతే చూడండి, వినండి, ప్రదర్శనల్లో చేరవద్దు. వీసాకు ముప్పు.

గుంపులోంచి ముందే లేచి రావాలంటే ఏమనాలి?

"దులుఆన్ యా" అనండి, "నేను ముందు వెళ్తా మరి" అని. కారణం చెప్పనక్కర్లేదు. వార్‌కొప్‌లో బిల్లు రాదు. కొట్టాయన దగ్గరికి వెళ్తే "ఏమేం తీసుకున్నావ్?" అంటాడు, మీరు గుర్తు చేసుకుని చెప్పాలి. కాఫీ ఒకటి, ఇంతెల్ ఒకటి అని చెప్పి బయటికొచ్చాక చాలామందికి గుర్తొచ్చేది, పళ్లెంలోంచి తీసుకుతిన్న వేయించిన అరటికాయలు. వెనక్కి వెళ్లి ఇచ్చేయండి.